కొట్టేశారంట

"జయకుమారి కేసు కొట్టేశారంట, ఇక ఆ అరెకరం తమ్ముడిదేనంట" అని వెంకటేశ్వరమ్మ కుళాయి దగ్గర అన్నదట. ఆ మాట బసవమ్మ నోట మిరపచేలోకి వచ్చి, పక్క సాలులో కాయ కోస్తున్న జయకుమారి చెవిన పడింది. ఊరందరికీ తెలిశాక తెలిసింది, తన కేసు సంగతి తనకి.

ఇంటికెళ్ళి మొగుణ్ణడిగింది. శ్యామ్ సుందర్ ఫోన్లోంచి తలెత్తలేదు. "అవును, కొట్టేశారు. వారమైంది. నీకు చెప్తే ఏం చేస్తావ్, ఏడుస్తావ్. సోమవారం రిజిస్ట్రారాఫీసుకొచ్చి బెన్నీకి సంతకం పెట్టెయ్, పీడా పోద్ది."

చేను అమ్మది. పోయేముందు కూతురికని రాసిచ్చింది. ఆ రాత చెల్లదని తమ్ముడు బెన్నీ దావా వేశాడు. మూడేళ్ళూ వాయిదాలకి వెళ్ళింది మొగుడే. అతని తెల్లచొక్కా ఇస్త్రీ చేయడం, క్యారేజీ కట్టడం జయకుమారి వంతు. "ఏమన్నారయ్యా?" అంటే "నీకర్థం కాదులే" అనేవాడు. వకీలు గారింట్లో ఆమెకి తెలిసిన చోటు మెట్లే. సంతకాలప్పుడు మాత్రం పైకి పిలిచేవాళ్ళు. "ఇక్కడా, ఇక్కడా పెట్టమ్మా. చదవక్కర్లేదు." పదో తరగతి ఫస్టుక్లాసులో పాసైన మనిషి, చదవకుండానే పెట్టింది. ఈమధ్య చీమకుర్తి క్వారీలో బావకి సూపర్‌వైజర్ పని ఇప్పిస్తానని బెన్నీ తిరుగుతున్నాడు. అప్పట్నుంచీ మొగుడి నోట "పాపం బెన్నీ" అనే మాట ఎక్కువైంది.

మర్నాడు కల్లంలో ఎండుకాయలకి తొడిమలు తీస్తుంటే, వేళ్ళ మంటతోపాటు ఒక అనుమానం రాజుకుంది. ఓడిపోయింది తనైతే చేను వాడిదే అయిపోయింది కదా. మరి ఓడినదాని సంతకంతో వాళ్ళకేం పని? చేతిలో కాయ చేతిలోనే ఉండిపోయింది. సగం బస్తా అక్కడే వదిలి లేచింది.

మూడేళ్ళ కింద కోర్టు నుంచి వచ్చిన సమన్ల కాగితం బైబిల్లోనే ఉంది. దాని మీద కేసు నంబరుంది. "వినుకొండలో పనుంది" అని చెప్పి బస్సెక్కింది.

కోర్టులో కాపీలిచ్చే చోట కిటికీ వెనక హుస్సేన్ సాహెబ్ అనే పెద్దాయన కూర్చున్నాడు. కాగితం చూసి, "మీరు పార్టీయేనా?" అన్నాడు.

దీనిక్కూడా పార్టీ కావాలా! "మాకే పార్టీ లేదండీ. ఓటు మాత్రం వేస్తాం."

ఆయన పొట్ట కదిలేలా నవ్వాడు. "ఆ పార్టీ కాదమ్మా. కేసులో ఉన్న మనిషిని పార్టీ అంటాం. కాగితంలో ఉన్న జయకుమారి మీరేనా?"

"నేనేనండీ."

"అయితే అడిగే హక్కు మీది. స్టాంపు అంటించి అప్లికేషన్ పెట్టండి."

"మా ఆయన రావాలా?"

"ఆయన పేరు ఇందులో లేదే!"

శుక్రవారం రమ్మన్నాడు, వెళ్ళింది. ముద్రలు వేసిన పదకొండు పేజీలు, అంతా ఇంగ్లీషు. తన పేరు తప్ప ఆ కోర్టు భాష ఏదీ అర్థం కాలేదు. "ఎవరిది కొట్టేశారండీ?" అంది.

ఆయన చివరి పేజీ తిప్పి చూశాడు. "వేసినవాడిదే కొట్టేస్తారమ్మా. నువ్వేం వేశావని నీది కొట్టేయడానికి? మీ తమ్ముడి దావా పోయింది. చేను నీదే."

కళ్ళు తుడుచుకోబోయి ఆగింది. మిరప చేతులు. కారనిచ్చింది. ఎదురుగా హోటల్లో ఒక్కతే బల్ల ముందు కూర్చుని, ఎవరికీ అందించక్కర్లేని టీ చల్లారేదాకా తాగింది. మూడేళ్ళుగా మెడ మీద మోస్తున్న గంపని ఎవరో వెనకనుంచి దించినట్టుంది.

ఆదివారం ఆరాధనయ్యాక బెన్నీ రాయించిన కాగితాలతో వచ్చాడు. "అక్కా, రేపటికివి" అంటూ మంచం మీద పరిచాడు. ఆమె లోపలికెళ్ళి తన పదకొండు పేజీలు తెచ్చి వాటి మీద పెట్టింది.

శ్యామ్ సుందర్ ముద్రల్ని చూశాడు. బావమరిది మొహం చూశాడు. "నేనేమన్నా అబద్ధం చెప్పానా? కొట్టేశారనేగా చెప్పింది!"

"అవునయ్యా. ఎవరిదో చెప్పలేదు."

"అసలు కోర్టు కాగితం నీ చేతికెవరిచ్చారే? మగాళ్ళు తిరిగే చోటికి నువ్వు పోవడమేంటి? నన్నడగకుండా నీకెట్టా ఇచ్చారు?"

జయకుమారి తన పదకొండు పేజీలూ తీసుకుని బైబిల్లో పెట్టుకుంది.

"పార్టీకే ఇస్తారంట. నువ్వు పార్టీవి కాదు."