దుంగల మీద పరుగెత్తినవాడు

నేను ఒక సినిమా ప్రింటును. హాలీవుడ్‌లో తీసిన అడవి సాహస కథ నాలో ఉండేది: ఆకాశాన్నంటే చెట్లు, వాటిని నరికే మొరటు మనుషులు, దుంగల్ని మింగేసే నది. అమెరికాలో పుట్టి, రేకు డబ్బాల్లో ఓడెక్కి, ఊరూరా తిరిగి, చివరికి రాజమండ్రిలో ఒక టాకీసులో ఆదివారం పొద్దుటి ఆటలకు కుదిరాను. నా మాటలు హాల్లో సగం మందికి అర్థమయ్యేవి కావు. అయినా చెట్టు కూలితే అందరూ తలలు వంచుకునేవారు.

అక్కడి ఆపరేటరు భావనారాయణ. అంత మెత్తని చేతులు నేను మళ్లీ ఎరగను. అంచులు పట్టుకుని తీసేవాడు, మెత్తని గుడ్డతో దుమ్ము తుడిచేవాడు. "ఇది బొమ్మ కాదు, బంగారం" అనేవాడు. నేను నమ్మాను.

ప్రతి ఆదివారం నేల టిక్కెట్టుకు నూకరాజు వచ్చేవాడు. గోదావరి మీద కలప తెప్పలు నడిపిన మనిషి. ఒక వరదలో తెప్ప విడిపోయి, అతని తమ్ముడు దుంగల మధ్య పడి కొట్టుకుపోయాడు. శవం కూడా దొరకలేదు. నాలోనూ అలాంటి వరద ఉంది. అందులో ఒక పడుచువాడు దుంగ మీంచి దుంగ మీదికి గెంతుతూ ఒడ్డు చేరతాడు. అది చూడగానే, ఇక మిగతా కథ అక్కర్లేనట్టు, నూకరాజు లేచి వెళ్లిపోయేవాడు. ఒకనాడు కేబిన్ దగ్గరికి వచ్చి చెప్పుకున్నాడు.

"మా తమ్ముడూ అలాగే గెంతేవోడండి. ఈ బొమ్మలో ఆడు ఒడ్డెక్కుతుంటే నాకు పేణం లేచొస్తదండి."

"నేనున్నన్నాళ్లూ వాణ్ణి ఒడ్డుకి చేరుస్తాలే, నూకరాజూ" అన్నాడు భావనారాయణ. అతని కళ్లలో నీళ్లు తిరిగాయి. అవి దొంగ కన్నీళ్లని ఇప్పటికీ అనలేను.

తరవాత మద్రాసు నుంచి ఒక నిర్మాత తాలూకు మనిషి దిగాడు. వాళ్ల సినిమాకి వరద కావాలట. నాలోని వరద ముక్క రహస్యంగా కోసి ఇస్తే భావనారాయణకి స్టూడియోలో ఉద్యోగం ఇప్పిస్తానన్నాడు. భావనారాయణ కొన్నాళ్లు ముభావంగా తిరిగాడు. ఆఖరికి కత్తెర తీశాడు. కోసేటప్పుడు కూడా నన్ను ఎప్పటిలాగే మెత్తగా పట్టుకున్నాడు. నాకు ఎక్కువ నొప్పి కలిగించింది అదే.

ఆ ఆదివారం నది పొంగింది. పడుచువాడు మొదటి దుంగ మీద కాలు పెట్టాడు. అంతలో, కోత పడిన చోట, తెర మీద తరవాతి సీనులోని విందు భోజనం మొదలైంది. జనం ఈలలు వేసి మరిచిపోయారు. నూకరాజు కేబిన్ మెట్లెక్కాడు.

"ఆపరేటరు గారండీ, ఆడేడండీ?"

"రీలు పాతబడింది. తెగిపోయింది."

"అతకరాదేటండీ?"

"అతికేదైతే అతకనా?"

"మీరేం చేత్తారులెండి. మీ చేతుల్లో ఉంటే ఒడ్డెక్కించేవోరే" అని నూకరాజు దండం పెట్టి దిగిపోయాడు. హాలంతా వినబడే గొంతున్న నేను ఒక్క మాట అనలేకపోయాను.

అతను మళ్లీ రాలేదు. భావనారాయణ మద్రాసు వెళ్లిపోయాడు. వెళ్తూ నా డబ్బా మీద చెయ్యి కూడా వెయ్యలేదు.

కుంటి ప్రింటునని నన్ను బెజవాడ గోదాములో పడేశారు. చాలాకాలానికి, గాజుల కార్ఖానాకి అమ్మేయడానికి డబ్బాలు బయటికి తీశారు. తూకం వేస్తూ ఇద్దరు గుమాస్తాలు ఏదో కొత్త తెలుగు సినిమా గురించి మాట్లాడుకున్నారు.

"వరద సీను చూశావా? దుంగల మీద గెంతుతూ గెంతుతూ హీరో తమ్ముడు మునిగిపోతాడు. ఆడాళ్లు ఒకటే ఏడుపు."

అంటే, నాలోంచి కోసిన ముక్కలో వాడు ఒడ్డెక్కిన భాగాన్ని వాళ్లు తీసి పారేశారు.

"రాజమండ్రిలో కూడా హౌసుఫుల్లంట" అన్నాడు రెండోవాడు.

నన్ను లారీ ఎక్కిస్తున్నారు. కార్ఖానాలో కడిగి, కరిగించి గాజులు చేస్తారట. చేసుకోనీ. నూకరాజు ఆ సినిమాకి వెళ్లాడా? అదొక్కటి చెప్పేవాళ్లు ఎవరూ లేరు.