దాటకూడని తాడు

గైడు వెనక్కి నడుస్తున్నాడు. గుంపు వైపు ముఖం పెట్టి, మూసిన పసుపు గొడుగును జెండాలా ఎత్తి పట్టుకొని, మాట ఆపకుండా, రాళ్ళు పరిచిన సందులో వెనక్కి వెనక్కి పోతున్నాడు. అందరూ చూసి ముచ్చటపడుతున్నారు. ఆమె మాత్రం అతని మడమలకేసి చూస్తోంది. వెనక్కి నడిచేవాళ్ళ మడమలు చూడటం ఆమెకు చిన్నప్పటి అలవాటు. మునివేళ్ళు ముందు ఆనాలి, తర్వాత మడమ దిగాలి. ఇతను మడమే ముందు వేస్తున్నాడు. ఎప్పుడో పడతాడు, అనుకుంది. అనుకున్న మరుక్షణం, ఆ అనుకోవడం బయటికి వినబడిందేమోనని భర్తకేసి చూసింది.

ఆయన వినలేదు. మెడలో కెమెరా వేసుకొని, గోడలకున్న ఇనుప కడియాల్ని ఒక్కొక్కదాన్నీ ఫొటో తీస్తున్నాడు.

పెళ్ళిరోజుకి ఎక్కడికి తీసుకెళుతున్నాడో ఆయన చివరిదాకా చెప్పలేదు. రైలు దిగి స్టేషను బయటికొచ్చి, ఉప్పుగాలి ముఖాన కొట్టాక గానీ ఆమెకు తెలియలేదు. "సముద్రం ఎప్పుడూ చూడలేదన్నావుగా!" అన్నాడు ఆయన, దాచిపెట్టిన బొమ్మ బయటికి తీసినట్టు. ఆ మాట ఆమె అన్నదే. ఈ రేవులోనే పుట్టి పెరిగిన సంగతి కప్పెట్టడానికి అన్న మాట.

నిజానికి అది మొదటి అబద్ధం కాదు, దానికి పుట్టిన పిల్ల. ఆ మొదటిది ఒక్క ముక్క. ఆయనకున్న కళ్ళద్దాల దుకాణంలో ఆమె పనికి చేరిన కొత్తలో, "మీవాళ్ళు ఎవరూ లేరా?" అని అడిగాడు. "లేరు" అంది. ఉన్నారంటే ఎక్కడున్నారు, ఎందుకు వదిలేసి వచ్చావు అని ప్రశ్నలు క్యూ కడతాయి. 'లేరు' అంటే అక్కడితో సరి. కానీ ఆ మాటకి ఆయన ముఖం మెత్తబడిన తీరు ఆమె మరిచిపోలేదు. ఆయన తన ప్రేమనంతా ఆ ఒక్క మాట మీదే మేడలా కట్టుకున్నాడు. చుట్టాలెవరైనా "పుట్టిల్లు ఎక్కడమ్మా?" అనబోతే తనే అడ్డం పడి మాట మార్చేవాడు. వాళ్ళమ్మతో కూడా "దానికి అన్నీ నేనేనమ్మా" అనేవాడు. ఎవరూ లేని పిల్లని ఆయన పెళ్ళి చేసుకున్నాడు. ఆ పిల్లే లేదని తెలిస్తే, ఇన్నాళ్ళూ ఇంట్లో తిరుగుతున్న మనిషి ఎవరనుకుంటాడు? కోపగించుకుంటే కాళ్ళావేళ్ళా పడొచ్చు. కోపం రాకుండా, ఆ మెత్తదనం మాత్రం పోతే?

అందుకే స్టేషన్లో పెట్టుకున్న నల్ల కళ్ళద్దాలు ఆమె ఇంకా తీయలేదు.

"మబ్బు పట్టింది కదా, ఇంకా ఎందుకవి?" అన్నాడు ఆయన.

"మన షాపువే కదండీ, ప్రచారం."

ఆయన నవ్వాడు. ఆ నవ్వు చూడలేక ఆమె అద్దాల్ని ముక్కు మీద ఇంకాస్త పైకి తోసుకుంది.

పాత కస్టమ్స్ భవనం దాటారు. మెట్ల మీద చేపలమ్మే ముసలామె తలెత్తి చూసింది. తను భర్త చాటుకి మారింది. మూలమీద తాళాలు బాగుచేసే దుకాణంలోంచి ఎవరో దగ్గారు. ఆ దగ్గు కూడా తెలిసిందే అనిపించింది. ఊరికి కళ్ళు మొలిచినట్టుంది. ఊరు తనను చూస్తోందనుకోవడం భయం చేసే పని అని ఆమెకు తెలుసు. తెలిసినంత మాత్రాన వీపు మీద చెమట ఆగదు.

గుంపులో ఒక రిటైరైన మాస్టారున్నాడు. మొదటినుంచీ గైడుని ఆటపట్టిస్తున్నాడు. "ఏం బాబూ, ఇంటికి కూడా ఇలా వెనక్కే వెళతావా?"

"ఇంటికైతే మా ఆవిడ చెవి పట్టుకొని ఈడ్చుకెళుతుంది సార్! ఎటు నడిచినా ఒకటే."

అందరూ నవ్వారు. గైడు గొడుగు పైకెత్తాడు. "ఇప్పుడు ఆఖరి మజిలీ. తాళ్ళ శాల. ఓడలకి మోకులు పేనిన చోటు. ఇప్పటికీ చేత్తో పేనే మనిషి ఒక్కావిడ మిగిలింది. ఆవిడ పోతే ఇక ఎవరూ లేరు. రండి, మీ కళ్ళతో మీరే చూద్దురుగాని."

ఆమె నడక ఆగింది. ఆ షెడ్డు ఎప్పుడో కూలిపోయి ఉంటుందని తనకు తాను చెప్పుకుంది. ఎవరూ లేరని ఆయనకు చెప్పినంత తేలిగ్గానే చెప్పుకుంది.

"ఏమండీ, తల తిరుగుతోంది. మనం గదికి పోదామా?"

ఆయన వెంటనే ఆమె మోచెయ్యి పట్టుకున్నాడు. ఆయన కంగారు చూసి గైడు వచ్చాడు. "లోపల బెంచీ ఉందమ్మా, చల్లగా ఉంటుంది. ఇక్కడ ఎండలో నిలబడే కంటే నయం." ఎండెక్కడుందని అడిగే ఓపిక ఆమెకు లేదు. ఇద్దరూ చెరోపక్కా పట్టుకొని, ఆమె ఏ తలుపులోంచి పారిపోయిందో ఆ తలుపులోంచే లోపలికి నడిపించారు.

తారు వాసన, తడి నార వాసన. ఏమీ మారలేదు. షెడ్డు సందులాగా సన్నగా, పొడుగ్గా పోతుంది. అవతలి కొసన నిలబడ్డ మనిషి బొటనవేలంత కనిపిస్తుంది. పక్క కిటికీల్లోంచి వెలుతురు నేలమీద చారలుగా పడింది. ఇవతలి కొసన చక్రం, చక్రానికి కొక్కేలు. చక్రం పక్కన, నడుముకి నార చుట్టుకొని, అక్క.

జుట్టు నెరిసింది. భుజాలు మాత్రం అవే. గుంపుకేసి కళ్ళు చిట్లించి చూసింది.

"దగ్గరివి ఆనట్లేదు ఆవిడకి," అన్నాడు భర్త ఆమె చెవిలో. "దూరానివైతే గద్దలా చూస్తుంది. ఇలాంటివాళ్ళు అద్దాలు పెట్టుకోమంటే వినరు."

ఆ మాటతో ఆమెకు ఊపిరి వచ్చింది. ఆనదు. ఈ కాసేపు గడిస్తే చాలు.

"తాడు మీంచి ఎవరూ దాటకండి," అంటున్నాడు గైడు. "అటు పోవాలంటే వంగి, కిందనుంచి పోవాలి. ఇక్కడి కట్టుబాటు అది."

కట్టుబాటు కాదు. పురి ఎక్కుతున్న మోకు వాళ్ళ నాన్న చీలమండకి చుట్టుకున్నాక, ఆ కాలు మళ్ళీ తిన్నగా ఆనలేదు. ఆ తర్వాత సన్నతాడైనా సరే, ఇద్దరు కూతుళ్ళలో ఎవరు దాటబోయినా, ఆ కుంటికాలి మీద నిలబడి ఆయన ఒక్కటే అరుపు అరిచేవాడు.

"ఊఁ, చక్రం ఎవరు తిప్పుతారు?" అంది అక్క.

రోజూ సందర్శకుల్ని అడిగే మాటే అయుంటుంది. కానీ అక్క నోట ఆమె చివరిసారి విన్నది కూడా అదే. నాన్న పోయాక, "నేను ఇక్కడ ఉండలేనక్కా, ఎక్కడికైనా పోయి ఏదైనా పని చూసుకుంటా" అంటే, అక్క తలెత్తకుండా అన్న మాట: "పోతే చక్రం ఎవరు తిప్పుతారు?" మర్నాడు పొద్దున అక్క వెనక్కి నడుచుకుంటూ అవతలి కొసకి చేరేదాకా ఆమె చక్రం తిప్పి, పిడి వదిలేసి, చెప్పులు చేత పట్టుకొని బయటికి నడిచింది.

"మా ఆవిడ తిప్పుతుంది!" అన్నాడు భర్త హుషారుగా. "కాస్త కదిలితే తలతిప్పు పోతుందోయ్. వెళ్ళు, ఫొటో తీస్తా."

వద్దంటే ఎందుకని అడుగుతాడు. ఆమె వెళ్ళి పిడి పట్టుకుంది. అక్క నార కొసని కొక్కేనికి తగిలించి, ఆమె ముఖంకేసి చూడకుండా, "మరీ గట్టిగా వద్దమ్మా, ఒకేలా తిప్పు" అంది. తర్వాత వెనక్కి నడవడం మొదలుపెట్టింది. మునివేళ్ళు, మడమ. మునివేళ్ళు, మడమ. నడుము దగ్గర్నుంచి నార వేళ్ళలోంచి జారి తాడవుతోంది.

చేతకానట్టు తిప్పాలని ఆమె చాలా ప్రయత్నించింది. చెయ్యి వినలేదు. కుడిచెయ్యి పిడి మీద, ఎడమచేతి వేళ్ళు వాటంతటవే వెళ్ళి తాడు మీద ఆనాయి. అక్క చిన్నదైపోతోంది. కిటికీ వెలుతురులోకి వస్తోంది, నీడలోకి పోతోంది.

అంత దూరంలో మాటలు వినబడవు. అందుకని వాళ్ళు తాడుతోనే మాట్లాడుకునేవాళ్ళు. ఒకసారి లాగితే, ఉన్నావా? తిరిగి లాగితే, ఉన్నా.

తాడు ఒకసారి బిగిసి వదులైంది.

ఎవరికోసం లాగినట్టు? సందర్శకులకి ఇది తెలియదు. జవాబు రాదని తెలిసీ, రోజూ ఇలాగే లాగుతోందా? ఈ ఆలోచన పూర్తయ్యేలోపే ఆమె ఎడమచెయ్యి జవాబిచ్చేసింది.

దూరాన అక్క ఆగిపోయింది.

చక్రం ఆపితే పట్టుబడుతుంది, ఆపకపోయినా పట్టుబడుతుంది. తాడు మళ్ళీ బిగిసింది. ఉన్నావా? ఈసారి ఆమె చెయ్యి తీసేసింది. తాడు గాలిలో సన్నగా వణుకుతూ ఉండిపోయింది. పారిపోయిన రోజు పొద్దున తలుపు దగ్గర వెనక్కి తిరిగి చూసినప్పుడు కూడా ఇలాగే వణికింది.

"ఇటు చూడు, నవ్వు!" భర్త కెమెరా కంటికి పెట్టుకొని, వెలుతురు అవతలివైపు బాగుందనుకున్నాడో ఏమో, తాడు మీదుగా కాలెత్తాడు.

"దాటావంటే కాలిరగ్గొడతా!"

అరుపు షెడ్డు రెండు కొసలనుంచీ ఒకేసారి వచ్చింది. అదే మాట, అదే రాగం, చివర అదే కీచు. మధ్యలో కలుసుకొని పైకప్పుకి కొట్టుకుంది.

భర్త ఒంటికాలి మీద కొంగలా నిలబడిపోయాడు.

"బాబూ, కాలు దించడానికి కూడా టికెట్టు కొనాలేమో అడుగు!" అన్నాడు మాస్టారు. గుంపంతా ఘొల్లుమంది. గైడు కూడా నవ్వాడు. భర్త నవ్వలేదు. తన భార్య ఎప్పుడూ తనని 'నువ్వు' అనలేదు. ఎత్తిన కాలు మెల్లగా వెనక్కి తీసుకున్నాడు. షెడ్డు అవతలి కొసకేసి చూశాడు, ఇవతలికి చూశాడు. తర్వాత నడుం వంచి, తాడు కిందనుంచి దూరి, ఆమె పక్కన లేచి నిలబడ్డాడు.

దుకాణంలో రోజూ ఎందరికో తీసినట్టే, రెండు చేతులతో ఆమె కళ్ళద్దాలు తీశాడు.

"ఎవరావిడ?"

అబద్ధాలు ఇంకా ఉన్నాయి. గైడు చెప్పింది విని అరిచానండీ అనొచ్చు. నోటికొచ్చింది కూడా. అప్పుడే తాడు మళ్ళీ బిగిసింది. ఈసారి గట్టిగా కాదు, అడగలేక అడిగినట్టు. ఆయన చూపు తాడు మీదికీ, అక్కడినుంచి ఆమె చేతి మీదికీ వచ్చింది.

ఆయన చూస్తుండగానే ఆమె తాడు పట్టుకొని లాగింది.

"మా అక్క," అంది.

ఆ మెత్తదనం కోసం ఆమె ఆయన ముఖమంతా వెతికింది. కోపం లేదు. కళ్ళ పరీక్షలో అక్షరాలు కనబడక, ముందే బట్టీపట్టి గడగడా చదివేసినవాళ్ళని పట్టుకున్నప్పుడు దుకాణంలో ఆయన ఇలాగే చూస్తాడు. తిట్టడు. మొదటి వరస మళ్ళీ చదవమంటాడు.

"పీచుతలా!" అవతలి కొసనుంచి అక్క అరుపు, చిన్నప్పటి పిలుపుతో. "చక్రం ఆపావేమే! పురి చాలదు, తిప్పు!"

ఆమె తిప్పింది. కళ్ళు మసకబారినా చెయ్యి ఒకేలా తిప్పింది. అక్క తాడు కొసని అవతలి కొక్కేనికి తగిలించి ఇటు నడిచి వస్తోంది, ఒక చెయ్యి తాడు మీద ఉంచి తడుముకుంటూ, తొందర లేకుండా.

గైడు గొడుగెత్తాడు. గుంపు గుసగుసలాడుతూ బయటికి కదిలింది. భర్త పోలేదు. దగ్గరికీ రాలేదు. బెంచీ మీద కూర్చొని, ఆమె నల్ల కళ్ళద్దాల్ని జేబుగుడ్డతో తుడవడం మొదలుపెట్టాడు. వాటికి మరకేమీ లేదు.

అక్క చక్రం దగ్గరికొచ్చి ఆగింది. చెల్లెలి ముఖం ఆనడం లేదు కాబట్టి చూడలేదు. పేనిన తాడుని గోటితో గీరి చూసింది.

"మధ్యలో వదులైంది," అంది.

"ఆఁ. చెయ్యి తీశాను."

"తెలుసు." బెంచీ వైపు తల తిప్పింది. "ఆ బెంచీ మీద ఎవరు?"

"మా ఆయన."

"దాటబోయినవాడేనా?"

ఆమె తలూపింది. అది అక్కకు కనబడదని గుర్తొచ్చి, "ఆయనే" అంది.

"వంగి వచ్చాడు," అంది అక్క. "అంత దూరంనుంచీ కనబడింది."

బెంచీ మీద గుడ్డ ఆగింది. ఆయన లేవలేదు. ఆమె వెనక్కి తిరిగి చూడకుండా, పిడి వదలకుండా, తిప్పుతూనే ఉంది.