ప్రివ్యూలో ఆడవాళ్ళు

“ఆ రోజు అమ్మతో ఏమన్నావో ఇంకోసారి చెప్పు హైమా” అన్నారు మా ఆయన, నేను వంకాయలు తరుగుతుంటే. ఆయన సినిమాలకు మాటలు రాస్తారు. కుటుంబ కథలకు ఆయన్ని మించినవాడు కోడంబాకంలోనే లేడంటారు. ఎందుకుంటాడు, కాఫీలతోపాటు మాటలు కూడా ఇంట్లోంచే వస్తుంటే! పురిటి నొప్పులు మొదలైనా, చుట్టాల భోజనాలయ్యాక ఆసుపత్రికి వెళ్దువుగాని అన్న అత్తగారితో, బిడ్డ పోయాక నేనన్న మాట అది. “ఒక్క రిక్షా పిలిపించి ఉంటే నా బిడ్డ బతికేది.” మళ్ళీ చెప్పాను.

పిక్చరు పూర్తయ్యాక టి. నగర్‌లో ప్రివ్యూ వేసి, యూనిట్ వాళ్ళ ఇళ్ళలో ఆడవాళ్ళందరినీ పిలిచారు. నిర్మాత యతిరాజులు గారు తెరకు వీపు పెట్టి కూర్చుని, మేమెక్కడ ఏడుస్తామా అని మా మొహాలే చూస్తుంటారు. ఏడవని చోట కత్తెర పడుతుంది.

తెరమీద నా మాట వచ్చింది. అన్నది గయ్యాళి కోడలు. పూర్తిచేయకముందే మొగుడు ఆమె చెంప ఛెళ్ళుమనిపించాడు. ఆమె వెళ్ళి అత్త కాళ్ళమీద పడింది. వెనక వరసలో ఎవరో “బాగా అయింది” అన్నారు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆయన నన్నెప్పుడూ కొట్టలేదు, మరి ఆ దెబ్బ ఎక్కణ్ణించి తెచ్చారు? పక్కకు తిరిగితే, అత్తగారు ఎడమ చెవి మూసుకుని ఉన్నారు. ఆ చెవి ఆవిడకు వినపడదు. చిన్నప్పుడు చీము పట్టిందని చెప్పేవారు.

తిరిగొస్తుంటే రిక్షాలో ఆవిడే అన్నారు. “చీము కాదమ్మాయ్. మా అత్తకి ఎదురు చెప్పానని మీ మామగారు కొట్టారు. మీ ఆయన అప్పటికి పసివాడు, తలుపు పట్టుకుని చూస్తా నిలబడ్డాడు.”

జాలేసింది. క్షమించాలని మాత్రం అనిపించలేదు. అంత దెబ్బ తిన్న మనిషి నాకొక్క రిక్షా పిలవలేకపోయింది.

మర్నాడు ఆయన మళ్ళీ వంటింట్లోకి వచ్చారు.

“ఆ సీన్లో ఒక్కరూ ఏడవలేదట. మళ్ళీ తీస్తారట. బిడ్డని తీసుకెళ్ళేటప్పుడు నువ్వేదో అన్నావు కదా, ఏమన్నావు?”

“గుర్తులేదండీ.”

“అమ్మా, నువ్వు పక్కనే ఉన్నావుగా?”

అత్తగారు బియ్యంలో రాళ్ళు ఏరుతూ తలెత్తలేదు. “నాకు చెవి వినపడదు కదరా” అన్నారు.

ఆయన వెళ్ళిపోయారు.

నాకు గుర్తుంది. తువ్వాల్లో చుట్టి తీసుకెళ్తుంటే, నా కూతుర్ని పేరు పెట్టి పిలిచాను. ఆ పేరు ఆయనకివ్వను.