రవణయ్య పేనిన తాడు

దసరాకు ముందురోజు పొద్దున పదకొండు గంటలకు అభ్రకం గని రెండో సొరంగంలో కప్పు కూలింది. లోపల ఉన్నవాళ్లలో ఒక్కడు తప్ప అందరూ బయటికి వచ్చారు. ఆ ఒక్కడి పేరు రవణయ్య. నేను ఒక నారతాడును. రవణయ్య పేనిన తాడును. అప్పుడు గని ముంగిట, అతని పేరు రాసిన మేకుకు వేలాడుతున్నాను. నాలో వెలుగు లేదు.

దాని అర్థం తెలియాలంటే నా పుట్టుక చెప్పాలి.

వెలిగొండల తూర్పు వాలులో పెరిగే మిణుగునార మొక్క నుంచి పుట్టాను. పూత రాలాక కాండం కోస్తారు. వాగునీటిలో నానబెట్టి, బెరడు కొట్టి నార తీస్తారు. బూడిద నీళ్లలో ఉడికించి నీడన ఆరేస్తారు. ఆ తర్వాత వెలుగుతాం. యంత్రం మీద పేనితే వెలుగు నిలకడగా ఉంటుంది. రోడ్ల పక్క హెచ్చరిక బోర్డుల్లో, టెలిఫోన్ తీగల్లో, ఆపరేషన్ గదుల్లో వాడేది ఆ తాళ్లనే. మనిషి తొడమీద పేనితే మాత్రం వెలుగు ఆ మనిషి నాడితో పాటు పడి లేస్తుంది. అతను ఎంత దూరంలో ఉన్నా అంతే. నాడి ఆగితే వెలుగు ఆగుతుంది. ఇది ఎలా జరుగుతుందో చాలామంది పరిశోధిస్తున్నారు. ఎవరూ తేల్చలేదు. ఈలోగా పేనేవాళ్లు పేనుతున్నారు.

గనిలో చేరినవాడు మొదటిరోజు తన తాడు తానే పేనుకోవాలి. రవణయ్య సగం పేని బీడీ కోసం లేచాడు. తిరిగొచ్చి మిగతా సగం పేనాడు. ఆ మధ్యలో పురి వదులైంది. ఇప్పటికీ అలాగే ఉంది.

తాళ్లను బట్టి గనిలో ఒక నియమం పెట్టుకున్నారు. కప్పు కూలితే, లోపలివాడి తాడు వెలుగుతున్నంతవరకు మనుషులు వెంటనే వెళ్లి తవ్వుతారు. తాడు ఆరితే, కప్పు కింద దుంగలు నిలబెట్టేదాకా ఎవరూ వెళ్లరు. దుంగలు రావడానికి ఒక రోజు, నిలబెట్టడానికి ఇంకో రోజు. పోయినవాడి కోసం ఉన్నవాళ్లను పోగొట్టుకోకూడదని ఆ నియమం.

ఆయుధపూజకు సమ్మెటలు, ఉలులు, దీపాలు అన్నీ కడుగుతారు. ఆ పొద్దున మగవాళ్లు బ్యాటరీ లైట్లతో ఒంటిపూట పనికి లోపలికి వెళ్లాక, ఆడవాళ్లు బోరింగు దగ్గర కూర్చుని ఇత్తడి దీపాలను చింతపండుతో తోముతున్నారు. రవణయ్య భార్య పెంచలమ్మ అతని దీపం తోమింది. చేతిలో మిగిలిన గుజ్జుతో నన్నూ రుద్దింది.

“ఏందక్కా, మొగుడి గుండెకాయ్ని గూడా తోమతుండావా?” అంది పక్కనున్న మస్తానమ్మ.

“బీడీ మసి మే. లోపలెంతుండాదో ఏమో, పైదన్నా పోనీ.”

తడిగా ఉన్నంతసేపు వెలిగాను. పెంచలమ్మ నన్ను మేకుకు తగిలించి దీపాలకు పసుపు పెట్టడానికి వెళ్లింది. తడి ఆరేకొద్దీ పులుపు నారలోకి దిగింది. నా వెలుగు ఎప్పుడు ఆరిపోయిందో ఎవరూ చూడలేదు. కప్పు కూలాకే అందరూ మేకుల వైపు చూశారు.

గని ఇంజనీరు వసుంధర నన్ను దోసిలి చాటున పెట్టుకుని చూసింది. రెండోసారి చూసింది. “దుంగలు తెప్పించండి” అంది. లోపలికి వెళ్లబోతున్న నలుగురు పారలు కింద పెట్టారు.

ఆరిన తాడును ఇంటివాళ్లకు ఇవ్వడం అక్కడి ఆచారం. వసుంధర నన్ను పెంచలమ్మ చేతిలో పెట్టింది. ఆమె నన్ను ముఖానికి ఆనించుకుంది. తల ఎత్తింది.

“మేడమ్, ఇది పులుపు వాసనొస్తా ఉండాది.”

“ఏమిటమ్మా?”

“ఎప్పుడూ బీడీ వాసనే ఉంటది దీనికి. పొద్దున నేనే చింతపండేసి తోమితిని.”

“తోమాక వెలిగిందా?”

“తగిలించేటప్పుడు వెలగతానే ఉండె.”

వసుంధర నన్ను వెనక్కి తీసుకుని వాసన చూసింది. “బూడిద నీళ్లలో ఉడికించే నార ఇది. దీనికి పులుపు సరిపడలేదేమో. పులుపు విరగడానికి బూడిద కావాలి” అంది.

మస్తానమ్మ టీ కొట్టు పొయ్యిలోంచి చేటలో బూడిద తెచ్చింది. బకెట్లో కలిపి నన్ను ముంచారు. పెంచలమ్మ రుద్దింది. వెలుగు రాలేదు. మళ్లీ రుద్దింది.

“ఇంక చాల్లే అక్కా” అంది మస్తానమ్మ.

పెంచలమ్మ ఆపలేదు. పురి వదులైన చోట బూడిద నీళ్లు ముందుగా లోపలికి చేరాయి. అక్కడ, రవణయ్య బీడీ కోసం లేచిన చోట, వెలుగు వచ్చింది. పడింది. లేచింది.

వసుంధర చూసి, “ఉన్నాడు” అంది.

ఆ నలుగురి చేతుల్లోకి పారలు అప్పటికే వచ్చాయి. సొరంగం మొదట్లో ఇంకా రాళ్లు రాలుతున్నాయి. మనుషులు నన్ను అద్భుతం అంటారు. నేను చేసేది వెలగడం. అంతే. ఆ వెలుగు బెత్తెడు కూడా లేదు. దాన్ని నమ్మి వాళ్లు ఆ కప్పు కిందికి వెళ్లారు. వసుంధర కూడా వాళ్ల వెనకే వెళ్లింది.

సాయంత్రం రవణయ్యను మంచం మీద మోసుకొచ్చారు. కుడి మోకాలు నలిగింది. అతను భార్య చేతులు చూశాడు.

“ఏంది మే, పండగ పూట చేతులకా బూడిదేంది?”

“నీ బీడీ మసి” అంది పెంచలమ్మ.

కొన్నేళ్లకు గని మూతపడింది. తాళ్లను ఎవరివి వాళ్లకు ఇచ్చేశారు. నన్ను ఊరి మ్యూజియం వాళ్లు అడిగారు. బుధవారం బుధవారం వచ్చి చూసుకోనిస్తే ఇస్తానన్నాడు రవణయ్య.

“చూడ్డానికేముండాదయ్యా, నీ నాడి నీ చేతిలోనే ఉండె గదా” అంది పెంచలమ్మ. అయినా ఇద్దరూ కలిసే వచ్చి నన్ను అప్పగించారు.

మ్యూజియం పై అంతస్తులో గాజు పెట్టెలో ఉన్నాను. కింద చీటీ మీద ‘తాకరాదు’ అని ఉంది. దాని కింద ఎవరో పెన్నుతో ‘తోమరాదు’ అని చేర్చారు.

ఈరోజు బుధవారం. పదింటికి తలుపులు తీశారు. కొంతసేపటికి నా వెలుగు గబగబా పడి లేవడం మొదలుపెట్టింది. మెట్ల మీద చేతికర్ర చప్పుడు వినిపిస్తోంది.