పడితే లేపే ఆట

హృషికేశ్ అన్నకు తుపాకీ కాల్చడం చేతకాదు. ఎగతాళికి అంటున్న మాట కాదిది, మా డాబా మీద కూర్చుని కళ్లారా చూసిందే. ఫోన్‌లో శత్రువు ఎదురుగా నిలబడి ఉన్నా సరే, ఆయన పక్కనున్న గోడను కాల్చేవాడు. అలాంటి మనిషిని ఈ తుపాకుల ఆటలోకి లాగింది వాళ్లావిడ నీరజ వదిన. ఆమెది మాత్రం గురి అంటే గురే. కొండ మీద నక్కి ఒక్క గుండుతో ఒకణ్ణి పడగొట్టి, చల్లారిపోతున్న టీ అందుకునేది.

వాళ్లిద్దరూ ఉప్పల్లో మా ఇంటి పై వాటాలో అద్దెకుంటారు. మాది ఇక్కడి పాత ఊరే. మా నాయన బిక్షపతి వరి కోసిన చోటే ఇప్పుడు మూడంతస్తుల ఇల్లుంది, కింద నా పెయింట్ల దుకాణం ఉంది. వదినది విజయవాడ వైపు నుంచి వచ్చి నాచారంలో స్థిరపడ్డ రైల్వే కుటుంబం. సాయంత్రమైతే ముగ్గురం డాబా మీద కుర్చీలు వేసుకుని ఫోన్లు పట్టుకునేవాళ్లం. నా భార్య ప్రవీణ మిర్చి బజ్జీల పళ్లెం మధ్యలో పెట్టి, "పోరగాండ్లు ఆడే ఆట ఆడుతున్రు, మీకు జరంత సిగ్గన్న లేదు" అని ఓ నాలుగు అక్షింతలు వేసి, మా పక్కనే కూర్చుని చూసేది.

ఆ ఆటలో చాలా రకాలున్నాయి గానీ, రెండు తెలిస్తే చాలు. ఒకటి క్లాసిక్. జట్టుగా విమానంలోంచి ఓ దీవి మీదికి దూకుతారు. అందరికీ ఒక్కటే ప్రాణం. గుండు తగిలినవాడు వెంటనే చావడు, కిందపడి పాకుతుంటాడు, ప్రాణం కొద్దికొద్దిగా తరిగిపోతుంటుంది. ఆలోగా జట్టులోని వాళ్లెవరైనా వచ్చి పక్కన కూర్చుని లేపాలి. ఎవరూ రాకపోతే అంతే సంగతులు. రెండోది డెత్‌మ్యాచ్. అందులో చచ్చినవాడు కళ్లు మూసి తెరిచేలోగా మళ్లీ పుట్టుకొస్తాడు. పడిన వాణ్ణి ఎవరూ చూడరు, చూడాల్సిన పనీ లేదు. ఎక్కువ మందిని కాల్చినవాడిదే గెలుపు.

మేం ఆడేది ఎప్పుడూ క్లాసిక్కే. అందులో అన్న పని లేపడం. గుళ్ల వాన కురుస్తున్నా పొగబాంబు విసిరి, పాక్కుంటూ వచ్చి, పక్కన కూర్చుని లేపేవాడు. మమ్మల్ని లేపబోయి తాను చచ్చిన సందర్భాలు కోకొల్లలు.

"అన్నా, నువ్వు మనిషివి కాదే, నడిచే దవాఖానవు" అనేవాణ్ణి.

వదిన నవ్వి, "ఇంట్లో కూడా ఇలాగే ఉంటే ఎంత బాగుండేదో" అనేది. అప్పట్లో అది వేళాకోళమే.

ఇంట్లో అన్న తీరు వేరు. చెడ్డవాడు కాడు, ఆ మాట ఎవరన్నా నేను ఒప్పుకోను. కాకపోతే ఏ కష్టమైనా దానంతట అదే సర్దుకుంటుందని నమ్మే రకం. కుళాయి కారుతుంటే అదే ఆగిపోతుందంటాడు. వదిన అలిగితే తెల్లారేసరికి అదే పోతుందంటాడు. చాలాసార్లు పోయేది కూడా, అదే ప్రాణం మీదికి తెచ్చింది.

వానాకాలంలో వదినకు డెంగీ పట్టుకుంది. ఒళ్లు కాలిపోతోందని ఆఫీసుకు ఫోన్ చేస్తే, "మీటింగ్‌లో ఉన్నాను నీరూ, ట్యాబ్లెట్ వేసుకుని పడుకో, సాయంత్రానికి తగ్గిపోతుంది" అన్నాడట. మళ్లీ చేస్తే ఎత్తలేదు. సాయంత్రం కాకముందే ఆమె బాత్‌రూమ్ గుమ్మంలో పడిపోయింది. ఆ చప్పుడు విని ప్రవీణ పైకి పరుగెత్తింది. ఇద్దరం కార్లో వేసుకుని హబ్సిగూడలో ఒక ఆసుపత్రికి తీసుకెళ్లాం. అన్న వచ్చేసరికి సెలైన్ ఎక్కుతోంది. "ఇంత అవుతుందనుకోలేదు" అన్నాడు. వదిన గోడవైపు తిరిగి పడుకుంది.

ఆసుపత్రి నుంచి ఆమె పై వాటాకు రాలేదు, నాచారం వెళ్లిపోయింది. వెళ్తూ ప్రవీణతో అన్నదొక్కటే. "పడిపోయాను, పిలిచాను, రాలేదు. ఇంకేం లేదు ప్రవీణా."

అన్న నాచారం వెళ్లి బతిమాలాడు. వాళ్ల అత్తగారు తారామణి గారు కాఫీ ఇచ్చి మర్యాదగా మాట్లాడారు గానీ, వదిన గదిలోంచి బయటికే రాలేదు. అలా తిరిగొచ్చిన రోజే ఆయనకు ఒక ఆలోచన పుట్టింది.

"నేను తనకి బరువైపోయాను జగన్" అన్నాడు. "ఆటలో చూడు, కాల్చేది తను, కాపాడేది తను. నేను వెనకాల తిరగడమే. ఈసారి తనతో ఆడితే నేనేంటో చూపిస్తాను."

"కాల్చుడు కాదన్నా ఆమెకు గావాల్సింది" అన్నాను. వింటేగా!

అప్పటిదాకా ముట్టని డెత్‌మ్యాచ్‌కు మారాడు. క్లాసిక్‌లో ఒక్కసారి చస్తే ఆట ముగిసిపోతుంది. ఇందులో చస్తూ, పుడుతూ గురి నేర్చుకోవచ్చని ఆయన లెక్క. మెట్రోలో అదే, మధ్యాహ్నం అన్నాల దగ్గర అదే. ముక్కూమొహం తెలియని వాళ్లు మైకులో బూతులు తిడుతున్నారని మాటలు వినబడకుండా ఆపేసుకున్నాడు. దసరా దగ్గర పడేసరికి ఆయన ఆట చూసి నేనే ముక్కున వేలేసుకున్నాను. ఎదుటివాడు మూల మలుపు తిరిగేలోపే పడిపోతున్నాడు. పక్కన తనవాడు కూలినా అన్న అటు చూడటం లేదు. ఆ ఆట పద్ధతే అంత, తప్పు పట్టడానికి లేదు.

పండగ ముందు ప్రవీణ వదినకు ఫోన్ చేసింది. "సద్దుల బతుకమ్మకు నువ్వు రాకుంటె నాకు ఆడబుద్ధే గాదక్కా. పోయినేడు మనిద్దరం ఎంత మంచిగ ఆడినం!"

వదిన అంది, "ఆదివారం మధ్యాహ్నం ముగ్గురం ఒక్క మ్యాచ్ ఆడదాం. అయ్యాక చెప్తాను, వచ్చేదీ లేనిదీ. బ్యాగైతే సర్దుకున్నాను."

"ఆటకు, ఇంటికి రానీకి ఏం సంబంధమక్కా?"

"మాటలు చాలా విన్నాను ప్రవీణా. ఆటలో ఆయన నిజంగా ఎలా ఉంటాడో నాకు తెలుసు. ఆ మనిషిని ఒక్కసారి చూడాలనుంది."

ఆ మాట ప్రవీణ నాకు చెప్పింది, నేను పొల్లుపోకుండా అన్నకు చెప్పాను. బ్యాగు సర్దుకుందన్న మాట దగ్గరే ఆయన చెవులు మూసుకుపోయాయి. శనివారం ఇల్లంతా తుడిచి, కారే కుళాయి మార్పించాడు. ఆ కుళాయిని చూసి నాకు కడుపు నిండినట్టయింది.

ఆదివారం అన్న పైన తన గదిలో, నేను దుకాణంలో, వదిన నాచారంలో. ముగ్గురం ఆటలో కలిశాం. అన్న ఫోన్‌లో ఇంకా డెత్‌మ్యాచే పెట్టి ఉంది. వదిన తెర మీద రాసింది, "క్లాసిక్‌కి మార్చు హృషీ." ఇన్నాళ్లలో ఆమె ఆయనకు పంపిన మొదటి మాట అదే. అన్న వెంటనే మార్చాడు. విమానం ఎక్కాక వదిన మైకులో పలకరించింది, నేను పలికాను. అన్న పలకలేదు. సిగ్గుపడుతున్నాడనుకున్నాం.

దీవి మీద దిగాక ఇక చూడాలి ఆయన్ని! ముందు పరుగెత్తేది ఆయనే, కాల్చేది ఆయనే.

"జగన్, ఇది మా హృషీయేనా?" అంది వదిన. గొంతులో నవ్వుంది. ఆ నవ్వు విని నేను మురిసిపోయి, చెట్టు చాటు నుంచి బయటికొచ్చి, ఎక్కడినుంచో తగిలిన గుండుకు చచ్చాను. వాళ్లకు చాలా దూరంలో ఉన్నాను, లేపడానికి వీలు కాలేదు. చచ్చినవాళ్లకు ఆ ఆటలో బతికున్నవాడి తెర కనిపిస్తుంది. అలా అన్న చూసేదంతా నాకు కనబడుతోంది.

వంతెన దగ్గర వదిన పడిపోయింది. అన్న నాలుగు అడుగుల దూరంలోనే ఉన్నాడు.

"హృషీ, పడిపోయాను" అంది.

అన్న చూపు ఆమె మీదుగా వెళ్లింది. పాకుతున్న ఆమెను నేను చూశాను, అంటే ఆయన కూడా చూశాడు. చూసి, అవతలి వాళ్ల వైపు తిరిగి, తుపాకీ ఎత్తి, ఆమెను దాటుకుని వంతెన మీదికి ఉరికాడు.

"అన్నా! వదిన పడ్డది! లేపు!" అని అరిచాను. డిస్టెంపర్ కొనడానికొచ్చినాయన ఉలిక్కిపడి డబ్బా కింద పెట్టేశాడు. అప్పుడు గుర్తొచ్చింది, అన్నకు మా మాటలు వినబడవు. ఫోన్ పట్టుకుని మెట్లెక్కాను. "దుకాణం ఇడిసిపెట్టి యాడికి ఉరుకుతున్నవ్‌రా?" అని నాయన కేకేశాడు. నా చేతిలో వదిన గొంతు వినిపిస్తూనే ఉంది.

"హృషీ, ఒక్కసారి ఇటు రా." తర్వాత మైకులో నా రొప్పు విని, "సరేలే జగన్, పరుగెత్తకు. ఆయాసం వస్తుంది" అంది. ఆ తర్వాత తెర మీద ఆమె పేరు నల్లబడింది, ఆటలో చచ్చినట్టు గుర్తు అది.

నేను తలుపు తోసేసరికి అన్న మంచం దిగి గంతులేస్తున్నాడు.

"గెలిచాం జగన్! చూశావా? మొత్తం నేనే కొట్టాను! నీరూ చూసిందిగా?"

"వదిన పడ్డదన్నా. నిన్ను పిలిచింది."

"అవును, చూశాను. మళ్లీ పుట్టుకొస్తుంది కదా, రెండు సెకన్లలో..."

ఫోన్ వైపు చూశాడు, నా వైపు చూశాడు. మెల్లగా మంచం అంచున కూర్చున్నాడు. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడిందంటారు. గురి రావాలని నెలంతా కష్టపడి, చేతిలో ఉన్న ఒక్క మంచి గుణాన్నీ పోగొట్టుకున్నాడు. నాకు తిట్టాలనిపించింది, ఆ మొహం చూశాక ఏడుపొచ్చింది.

ఆటలో వదిన పేరు కనబడలేదు, బయటికెళ్లిపోయింది. అన్న ఫోన్ చేస్తే ఎత్తలేదు. ప్రవీణ చేస్తే ఎత్తింది. "గెలిచాడుగా, బాగా ఆడాడని చెప్పు" అంది. బ్యాగు గురించి ప్రవీణ అడిగితే, "విప్పేశాను" అంది. కోపంగా చెప్పి ఉంటే బాగుండేది. చాలా మామూలుగా చెప్పిందట.

అన్న ఆ సాయంత్రమే నాచారం వెళ్లాడు. ఆటలో అలవాటుగా జరిగిపోయిందని చెప్పాడట. "నేను ఆసుపత్రిపాలైన రోజు కూడా అంతేగా హృషీ, అలవాటే" అందట వదిన.

బతుకమ్మ నాడు ప్రవీణ పక్క వీధి వాళ్లతో ఆడి తొందరగా వచ్చేసింది. నేను డాబా మీదికి వెళ్తే అన్న ఒక్కడే కూర్చుని ఉన్నాడు. డెత్‌మ్యాచ్ మానేశాడు, రోజూ క్లాసిక్‌లో తెలియని వాళ్లతో చేరి, పడినవాళ్లందరినీ లేపుతున్నాడు. ఫోన్ నా చేతికిచ్చాడు. వదిన పేరు పక్కన పచ్చచుక్క వెలుగుతోంది. దాని కింద 'సోలో' అని ఉంది.

"ఒక్కతే ఆడుతోంది" అన్నాడు. "సోలోలో పడిపోతే?"

"లేపనీకి ఎవరుంటరన్నా? పడితే అయిపోయినట్టే."

"ఆ సంగతి తనకి తెలుసు కదా?"

"తెలిసే ఆడుతున్నదన్నా."

అన్న ఫోన్ వెనక్కి తీసుకుని, కుర్చీ నా పక్కకు జరుపుకుని, ఆ పచ్చచుక్క ఆరిపోయేదాకా చూస్తూ కూర్చున్నాడు.