కిటికీలు తుడిచిన నాలుగు నిమిషాలు

హెడ్‌విగ్ టామ్ గారు నలభై ఏళ్లలో పదకొండు డాక్యుమెంటరీలు తీశారు. ఒక్కదానిలోనూ వ్యాఖ్యానం వినిపించదు. తూర్పు జర్మనీ రోజుల్లో వ్యాఖ్యానం పెట్టనన్నందుకు ఆమె మూడో సినిమాను అధికారులు ఆరేళ్లు బీరువాలో పడేశారు. ఆ దేశం పోయింది కానీ ఆమె పద్ధతి మారలేదు.

చివరి సినిమా జర్మనీ తూర్పున మా లౌసిట్స్ ప్రాంతంలో బొగ్గు గని కోసం కూల్చేస్తున్న ఊరి గురించి. నాది ఆ పక్క ఊరే. ఛానెల్ తరఫున ఎడిటింగులో ఆమెకు సహాయకురాలిని. మొదటి మూడు రోజులూ ఆవిడ కెమెరాను భుజాన మోస్తూ తిరుగుతారే తప్ప ఏమీ చిత్రీకరించరు. నాలుగో రోజుకి దాన్ని ఎవరూ పట్టించుకోరు.

లీస్బెత్ మీట్ష్ అనే ముసలావిడా పట్టించుకోలేదు. మర్నాడు కూల్చబోయే తన ఇంటి కిటికీలను సబ్బునీళ్లతో కడిగి, పాత వార్తాపత్రికతో మెరిసేదాకా తుడిచింది. నాలుగు నిమిషాలు. కాగితం కీచుమనడం తప్ప మరో చప్పుడు లేదు.

అక్కడ ఆమె దుఃఖాన్ని చెప్పే గొంతూ, కాస్త పియానో కావాలన్నాడు ఛానెల్ అధికారి రూలాండ్.

"ప్రేక్షకులకు అర్థం కావద్దూ, టామ్ గారూ?"

"వాళ్లిళ్లకి కిటికీల్లేవా?"

అతను నవ్వి, తుది నిర్ణయం ఛానెల్‌దేనన్న ఒప్పందం చూపించాడు. అయితే తన పేరు తీసెయ్యమన్నారావిడ.

"చివరి సినిమా కదా, ఆలోచించుకోండి."

"మొదటి సినిమాకే ఆలోచించుకున్నాను."

నేను అక్కడే ఉండీ నోరు విప్పలేదు. ఆ సిగ్గు ఇంకా పోలేదు.

ఆదివారం మధ్యాహ్నం ప్రసారమైంది. ఇళ్లు పోయినవాళ్లకిచ్చిన కొత్త కాలనీలోని అగ్నిమాపక దళం హాల్లో ఊరంతా కూర్చుంది. ప్లమ్ కేకు పంచారు. హెడ్‌విగ్ గారు చివరి వరసలో కూర్చున్నారు. కిటికీలు వచ్చాయి. పియానో మోగింది. ఆ ముసలావిడ గుండె బద్దలవుతోందని ఒక మగగొంతు గంభీరంగా చెప్పింది.

లీస్బెత్ లేచి టీవీ గొంతు నొక్కేసింది.

"నా గుండె సంగతి వీడికెవరు చెప్పారు? నేనప్పుడు మరక పోవట్లేదని చూసుకుంటున్నా."

చివర్లో పేర్లు వచ్చాయి. లీస్బెత్ చివరి వరసకేసి తిరిగి, "ఇందులో నీ పేరేదమ్మా?" అని హెడ్‌విగ్ గారిని అడిగింది.

ఆ గొంతు పెట్టినందుకే ఆవిడ తన పేరు తీయించుకున్నారని నేను చెప్పాను.

"మరి ఆ గొంతు లేని అసలు సినిమా ఎక్కడ?"

ఛానెల్‌కి తెలిస్తే నా ఉద్యోగం ఉండదు.

"నా సంచిలో ఉంది" అన్నాను.