పెళ్ళి ఫోటోలో విచారణాధికారి

మా పెళ్ళి ఫోటోల్లో నాకు బాగా నచ్చినవి మేమిద్దరం ఉన్నవి కావు. విచారణాధికారి ఉన్నవి!

మా ఆయన ప్రభుత్వ బస్సు డ్రైవరు. బ్రేకులు సరిగా పట్టడం లేదని ఒకరోజు బస్సు బయటికి తీయనన్నారు. పై అధికారి మాట వినలేదని అభియోగం పెట్టి, సరిగ్గా మా పెళ్ళి జరిగే రోజునే విచారణకు రమ్మన్నారు. వాయిదా అడిగితే జవాబు లేదు. ‘రోజంతా గదిలో ఎదురుచూశాను, రాలేదు’ అని విచారణాధికారి రాసేశారు. దాంతో మా ఆయన్ని స్టీరింగు దగ్గర్నుంచి దించి బస్సులు కడగడానికి వేశారు.

కొత్త కాపురం కదా, ఆయన తడిసిన ప్యాంటుతో ఇంటికొచ్చినా నాకు నవ్వే. కానీ అన్నం తింటూ కంచాన్ని స్టీరింగులా తిప్పుతుంటే మాత్రం నవ్వు రాలేదు. కోర్టులో కేసు వేయించాను.

ఒకరోజు అత్తయ్య ఆల్బం తిరగేస్తూ అడిగింది. “ఈ గళ్ళ చొక్కా ఎవరే? ఐస్‌క్రీం దగ్గర్నుంచి కదల్లేదు!”

మా ఆయన తొంగిచూసి నీళ్ళు నమిలారు. “విచారణ చేసింది ఆయనే. డిపోలో ఎవరి పెళ్ళయినా అందరూ రావాల్సిందే, అది మా అలవాటు. పెళ్ళికొచ్చిన మనిషిని కోర్టుకీడిస్తే ఏం బాగుంటుంది?”

“మీచేత బస్సులు కడిగించడం బాగుందా?” అన్నాను.

“అడుగమ్మా, బాగా అడుగు! వీడి బలమంతా బ్రేకు మీది కాల్లోనే, నోట్లో లేదు” అంది అత్తయ్య.

కోర్టులో ప్రభుత్వ లాయరు, “విచారణాధికారి పొద్దున పెళ్ళి చూసుకుని ఆఫీసుకు వెళ్ళుంటారండీ” అన్నారు. మా లాయరమ్మ ఆల్బం అందించింది. ఉదయం మండపం పక్కన గళ్ళ చొక్కా. మధ్యాహ్నం ఐస్‌క్రీం ముందు గళ్ళ చొక్కా. సాయంత్రం మా కారు మొరాయిస్తే, వెనకనుంచి తోస్తున్న గళ్ళ చొక్కా!

“ఇంతకీ గదిలో ఎదురుచూసింది ఎవరండీ?” అన్నారు జడ్జిగారు. హాలంతా నవ్వులు. వెనక వరసలో విచారణాధికారి తల దించుకున్నారు.

శిక్ష కొట్టేశారు. కావాలంటే వేరే అధికారిచేత, మా ఆయన మాట కూడా విని, మళ్ళీ విచారణ చేయించుకోమని డిపోవాళ్ళకు చెప్పారు.

“మళ్ళీ పెడతారేమో” అంది లాయరమ్మ బయటికొచ్చాక.

“పెట్టనివ్వండి. ఈసారి బ్రేకుల సంగతి చెప్పే వస్తాను” అన్నారు మా ఆయన. ఆ గొంతు విని మళ్ళీ పెళ్ళి చేసుకోవాలనిపించింది నాకు.

ఆయన మళ్ళీ స్టీరింగు పట్టిన రోజు, టికెట్టు కొనుక్కుని సరిగ్గా ఆయన వెనక సీట్లోనే కూర్చున్నాను. ఇంజను స్టార్టయింది. ఆయన బ్రేకు తొక్కారు, మళ్ళీ తొక్కారు, ఇంజను ఆపి కిందికి దిగిపోయారు.

“మెకానిక్కుని పిలవండి.”

కండక్టరు నెత్తి కొట్టుకున్నాడు. “బాబూ, సీటెక్కింది ఇవాళేగా! మళ్ళీ కోర్టుకెక్కుతావా?”

“ఎక్కుతాను. బండి మాత్రం కదలదు.”

బస్సంతా గొణుగుళ్ళు. నేను కిటికీలోంచి ఆయనకు మంచినీళ్ళ సీసా అందించి, సీట్లో ఇంకాస్త సర్దుకుని కూర్చున్నాను.